మార్సెయ్ నుంచి షాన్‌డాంగ్ దాకా: వేరుశనగ నూనెను కొనేదెవరు?

ప్రపంచంలో ఏటా దాదాపు 5 కోట్ల టన్నుల వేరుశనగ కాయలు పండుతున్నాయి. అందులో మూడో వంతుకు పైగా ఒక్క చైనాలోనే. తర్వాతి స్థానం మనది. ఆ వెనుక నైజీరియా, అమెరికా, సూడాన్, సెనెగల్, అర్జెంటీనా, బ్రెజిల్ వంటి దేశాలున్నాయి. ఈ కాయల్లో సగానికి తక్కువే మిల్లుకు వెళ్తాయి. మిగిలినవి వేయించుకునో ఉడకబెట్టుకునో తింటారు, చట్నీలుగా, చిక్కీలుగా, పీనట్ బటర్‌గా మారుస్తారు, మళ్లీ విత్తుకుంటారు. అలా ప్రపంచం మొత్తం మీద ఏడాదికి తయారయ్యే వేరుశనగ నూనె 60–65 లక్షల టన్నులు. వినడానికి పెద్ద అంకెలాగే ఉంటుంది. కానీ పామాయిల్ ఉత్పత్తి 8 కోట్ల టన్నులకు దగ్గరగా ఉంది. సోయా నూనె 6 కోట్లు దాటింది. అన్ని వంటనూనెలూ కలిపి 22 కోట్ల టన్నుల పైమాట. అందులో వేరుశనగ నూనె వాటా నూటికి మూడు.

ఈ మూడు శాతం కన్నా ముఖ్యమైన అంకె మరొకటుంది. తయారైన పామాయిల్‌లో సగానికి పైగా దేశాల సరిహద్దులు దాటి అమ్ముడవుతుంది. వేరుశనగ నూనెలో అలా దాటేది మూడున్నర, నాలుగు లక్షల టన్నులు మాత్రమే, అంటే నూటికి ఆరు పాళ్లు. మిగతాదంతా పండిన దేశంలోనే వంటింటికి చేరిపోతుంది. అంతర్జాతీయ మార్కెట్టు ఇంత చిన్నదైనప్పుడు ఒక్క పెద్ద కొనుగోలుదారు అడుగుపెడితే ధర ఎగుస్తుంది, తప్పుకుంటే కూలుతుంది. వేరుశనగ నూనె వ్యాపారాన్ని దాదాపు రెండు శతాబ్దాలుగా నడిపిస్తున్న సూత్రం ఇదే. ఒకప్పుడు ఆ కొనుగోలుదారు ఫ్రాన్స్. ఇప్పుడు చైనా. ఈ రెంటి మధ్య కాలంలో ఏ దేశపు రైతు నిలబడ్డాడు, ఏ దేశపు రైతు దెబ్బతిన్నాడు అన్నది చూస్తే, వేరుశనగను బుడ్డలనే మన రాయలసీమ రైతుకు పనికొచ్చే సంగతులు చాలా కనిపిస్తాయి.

ముందు లెక్క సంగతి చూద్దాం. క్వింటాలు కాయలు ఒలిస్తే సుమారు 70 కిలోల గింజలు వస్తాయి. మిగిలింది పొట్టు. గింజ బరువులో నూనె 45 నుంచి 50 శాతం దాకా ఉంటుంది గాని, ఎక్స్‌పెల్లర్‌లో పిండితే చేతికొచ్చేది 40–42 శాతమే. కొంత నూనె పిండగా మిగిలిన చెక్కలో ఉండిపోతుంది. అంటే క్వింటాలు కాయలకు 28–29 కిలోల నూనె, 40 కిలోలకు కాస్త అటూ ఇటూగా చెక్క. గానుగలో అయితే నూనె ఇంకా తక్కువ. వర్షాధారంగా హెక్టారుకు ఏడెనిమిది క్వింటాళ్ల కాయలు పండితే రెండు క్వింటాళ్ల నూనె వస్తుంది. అదే హెక్టారులో ఆయిల్‌పామ్ తోట ఏటా మూడున్నర టన్నుల దాకా నూనె ఇస్తుంది. ఈ పోటీలో వేరుశనగ ఎప్పటికీ గెలవదు. గెలవాల్సిన పోటీ కూడా ఇది కాదని నా అభిప్రాయం.

2025–26 ఖరీఫ్‌కు కేంద్రం ప్రకటించిన వేరుశనగ మద్దతు ధర క్వింటాలుకు 7,263 రూపాయలు. ఆ ధరకు కాయలు కొని పిండితే, కిలో నూనెకు ముడిసరుకు ఖర్చే 250 రూపాయలు దాటుతుంది. చెక్క అమ్మగా వచ్చిన సొమ్ము తీసేసినా 200 చుట్టూ తేలుతుంది. ఒలిపించడం, పిండడం, వడకట్టడం, డబ్బాలకెత్తడం, రవాణా, వ్యాపారి లాభం ఆ పైన. కనుక అసలైన వేరుశనగ నూనె పామాయిల్ ధరకు దొరుకుతోందంటే రెండే అర్థాలు: రైతుకు మద్దతు ధర అందలేదు, లేదా డబ్బాలో ఉన్నది పూర్తిగా వేరుశనగ నూనె కాదు. మొదటిది తరచూ జరుగుతుంది. మార్కెట్ యార్డులో ధర మద్దతు ధరకు చాలా కింద పలికిన సీజన్లు రైతులందరికీ తెలుసు. రెండోది ఎంత తరచుగా జరుగుతుందో పరీక్షిస్తే గాని తెలియదు.

ప్రపంచ మార్కెట్టులోనూ ఈ అంతరం కనిపిస్తుంది. 2023లో టన్ను పామాయిల్ సగటున 900 డాలర్ల లోపు పలికితే, వేరుశనగ నూనె 2,000 డాలర్ల చుట్టూ తిరిగింది. రెట్టింపుకు పైగా డబ్బు పెట్టి దీన్ని ఎవరు కొంటారు, ఎందుకు కొంటారు? ఇక్కడే రసాయనశాస్త్రం తెలుసుకోవాలి.

మామూలు వేరుశనగ నూనెలో దాదాపు సగం ఓలిక్ ఆమ్లం, మూడో వంతుకు అటూ ఇటూగా లినోలిక్ ఆమ్లం, పదో వంతు పామిటిక్ ఆమ్లం ఉంటాయి. శుద్ధి చేసిన నూనె 230 డిగ్రీల సెల్సియస్ దగ్గరకు వెళ్తే గాని పొగ రాదు. పకోడీలకూ పూరీలకూ కావలసిన వేడి 180 చుట్టూ ఉంటుంది కాబట్టి నిశ్చింతగా వేయించుకోవచ్చు. అమెరికాలో థ్యాంక్స్‌గివింగ్ పండక్కి టర్కీ కోడిని నిలువునా ముంచి వేయించడానికి దీన్నే ఎక్కువగా వాడతారు. ఇటలీ వాళ్లు వేపుళ్లకు ఇష్టపడేదీ ఇదే. ఇక సువాసన. గింజను వేయించినప్పుడు అందులోని చక్కెరలూ అమైనో ఆమ్లాలూ కలిసి పైరజీన్లనే పదార్థాలు పుడతాయి. పల్లీలు వేగేటప్పుడు ఇల్లంతా పరుచుకునే వాసన వాటిదే. గింజను వేయించి వేడిమీద పిండే పద్ధతిలో ఆ వాసన నూనెలోకి దిగుతుంది. చైనావాళ్లు ప్రాణం పెట్టేది ఈ నూనె మీదే. నూనెను శుద్ధి చేసి, ఆవిరి పట్టి, వాసన తీసేస్తే ఏ నూనె ఏదో నాలుకకు తెలియదు. అప్పుడిక ధర ఒక్కటే తేడా. వేరుశనగ నూనె బతుకుతున్నది తన వాసన వల్ల, రుచి వల్ల.

మరో గుర్తింపు కూడా దీనికుంది. 20, 22, 24 కార్బన్ల పొడవైన కొవ్వు ఆమ్లాలు ఇందులో ఐదారు శాతం ఉంటాయి. వాటిలో ఒకదాని పేరు అరాకిడిక్ ఆమ్లం. వేరుశనగ శాస్త్రీయ నామమైన అరాకిస్ హైపోజియా నుంచే ఆ పేరు వచ్చింది. సాధారణ వంటనూనెల్లో ఇవి ఇంత మోతాదులో ఉండవు. కల్తీ పరీక్షకు ఇదే ఆధారం. నూనెను క్షారంతో సబ్బుగా మార్చి, ఆల్కహాల్‌లో కరిగించి, ఆమ్లం చేర్చి నెమ్మదిగా చల్లారుస్తారు. పొడవైన ఆమ్లాలు ఆల్కహాల్‌లో సరిగా కరగవు కనుక 39 నుంచి 41 డిగ్రీల మధ్య ద్రావణం మసకబారుతుంది. దీన్ని బెల్లియర్ పరీక్ష అంటారు. మన దేశపు ఆహార ప్రమాణాల్లోనూ వేరుశనగ నూనెకు ఈ ఉష్ణోగ్రతే హద్దు. కొద్దిపాటి కల్తీని ఇది ఒక్కటే పట్టుకోలేదు. దానికి గ్యాస్ క్రొమటోగ్రఫీ కావాలి. నూనెను ఫ్రిజ్‌లో పెట్టి గడ్డకడితే అసలుది, కట్టకపోతే నకిలీది అనే చిట్కాను నమ్మి మోసపోవద్దు. పామోలిన్ కూడా చలికి గడ్డకడుతుంది.

ఈ పంట పుట్టిల్లు దక్షిణ అమెరికా. అరాకిస్ డ్యూరానెన్సిస్, అరాకిస్ ఇపయెన్సిస్ అనే రెండు అడవి జాతులు కలిసి పుట్టింది ఇప్పటి వేరుశనగ. పోర్చుగీసు, స్పానిష్ ఓడల్లో ఆఫ్రికాకూ ఆసియాకూ చేరింది. కొన్ని వందల ఏళ్ల పాటు అది ఎక్కడికక్కడ తినే గింజగానే ఉండిపోయింది. దాన్ని అంతర్జాతీయ సరుకుగా మార్చింది వంట కాదు, సబ్బు.

ఫ్రాన్స్ దక్షిణ తీరంలోని మార్సెయ్ నగరం ఆలివ్ నూనెతో చేసే సబ్బులకు పేరు. 19వ శతాబ్దంలో సబ్బుకూ దీపాలకూ యంత్రాలకూ గిరాకీ పెరిగింది. ఆలివ్ నూనె ఖరీదైపోయింది. చవకైన నూనె కోసం వెతుకుతున్న వర్తకులకు పశ్చిమ ఆఫ్రికాలో వేరుశనగ కనిపించింది. 1840ల మొదట్లో సెనెగల్ తీరం నుంచి కాయలు మార్సెయ్‌కు రావడం మొదలైంది. 1848లో ఫ్రెంచి వలసల్లో బానిసత్వం రద్దయ్యాక, మనుషుల వ్యాపారంతో బతికిన తీరపు వర్తకులకు ఈ కాయే కొత్త సరుకైంది. 1885లో డకార్, సెయింట్‌లూయీ నగరాల మధ్య రైలు వేశారు. ఆ మార్గం పొడవునా అడవులు పోయి వేరుశనగ చేలు వచ్చాయి. 1900 నాటి పారిస్ ప్రపంచ ప్రదర్శనలో ఒక చిన్న డీజిల్ ఇంజన్‌ను వేరుశనగ నూనెతో నడిపి చూపించారు. వలస దేశాలు తమ ఇంధనం తామే పండించుకోవచ్చన్న ఆలోచన ఫ్రెంచి ప్రభుత్వానిది. రుడాల్ఫ్ డీజిల్ కూడా ఆ తర్వాత ఈ సంగతిని ప్రస్తావించాడు. ఆ ఊహ సాగలేదు. పెట్రోలియం అంతకన్నా చవక.

మార్సెయ్ కొనుగోళ్ల ప్రభావం మన తీరానికీ తాకింది. అప్పటి మద్రాసు ప్రెసిడెన్సీలో దక్షిణ ఆర్కాటు జిల్లా నుంచి పుదుచ్చేరి రేవు ద్వారా ఫ్రాన్స్‌కు వేరుశనగ వెళ్లేది. పుదుచ్చేరి ఫ్రెంచివారిది కావడం కలిసివచ్చింది. 1890ల్లో పంట దెబ్బతింటే ఆఫ్రికా వైపు నుంచి కొత్త విత్తనం తెప్పించి నిలబెట్టారు. ఆ తర్వాత పంట ఉత్తరంగా రాయలసీమకూ ఆంధ్రకూ పాకింది. జొన్న, కొర్ర, సజ్జ వేసే ఎర్రనేలల్లో చేతికి రొక్కం ఇచ్చే పంట ఇదొక్కటే. 1914లో యుద్ధం వచ్చి ఓడలు ఆగిపోయాయి, ధర పడిపోయింది. 1929 తర్వాత ప్రపంచ మాంద్యంలో మళ్లీ పడిపోయింది. 1940లో ఫ్రాన్స్ జర్మనీ చేతికి చిక్కగానే ఆ దారి మరోసారి మూతపడింది. యూరప్‌లో ఏం జరుగుతోందో తెలియని రైతు ఇంట్లో బస్తాలు మాత్రం పేరుకుపోయాయి.

అయితే సెనెగల్‌కూ మనకూ ఇక్కడ ఒక తేడా ఉంది, నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యమైన తేడా. మనవాళ్లు వేరుశనగ నూనెను తమ వంటింట్లోకి తెచ్చుకున్నారు. నువ్వుల నూనె వాడిన ఇళ్లలో అది చేరింది. 1937లో డాల్డా వచ్చాక వనస్పతి పరిశ్రమ దేశమంతటా పెరిగింది. నికెల్ సమక్షంలో నూనెలోకి హైడ్రోజన్ పంపి గడ్డకట్టించే ఆ పరిశ్రమకు తొలి దశాబ్దాల్లో ప్రధాన ముడిసరుకు వేరుశనగ నూనే. ఫ్రాన్స్ కొనకపోయినా కొనేవాళ్లు ఇంటిదగ్గరే తయారయ్యారు. సెనెగల్ మాత్రం 1960లో స్వాతంత్ర్యం వచ్చేనాటికి ఎగుమతి ఆదాయంలో అత్యధిక భాగానికి వేరుశనగ మీదే ఆధారపడి ఉంది. ప్రపంచ ధర కంటే ఎక్కువ ఇచ్చి కొనే ఏర్పాటును ఫ్రాన్స్ 1960ల చివర్లో ఎత్తేసింది. వెనువెంటనే సాహెల్ ప్రాంతమంతా కరువు. ప్రభుత్వ రంగంలో నడిచిన సొనకోస్ సంస్థ నూనె తీసి యూరప్‌కు అమ్మేది; దేశ ప్రజలు మాత్రం బయటి నుంచి తెచ్చిన చవక సోయా నూనెతో వండుకునేవారు. తమ నూనెను తామే తినని దేశానికి, కొనేవాడు మానుకున్న రోజున వేరే దారి ఉండదు. సొనకోస్ 2005లో ప్రైవేటు చేతికి వెళ్లింది, పదేళ్లకు మళ్లీ ప్రభుత్వమే తీసుకోవలసి వచ్చింది.

నైజీరియాది ఇంకో రకం. ఉత్తరాన కానో నగరానికి 1912 నాటికి రైలు వచ్చింది. పత్తి కోసమని వేసిన ఆ రైలు వేరుశనగతో నిండింది. ఓడరేవుకు పంపే దాకా బస్తాలను గోపురాల్లా పేర్చేవారు. ఒక్కో గుట్టలో 15 వేల బస్తాల దాకా పట్టేవి. కానో అంటే ఆ గుట్టల బొమ్మే గుర్తొచ్చేది. 1970ల్లో పెట్రోలు డబ్బు వచ్చి వ్యవసాయాన్ని పక్కకు నెట్టింది. కరువు, 1975లో విరుచుకుపడ్డ రొసెట్ తెగులు కలిసి పంటను ఊడ్చేశాయి. గుట్టలు మాయమయ్యాయి. ఇప్పుడు నైజీరియా ప్రపంచంలో మూడో పెద్ద ఉత్పత్తిదారే, కానీ దాదాపు మొత్తం తానే తింటుంది.

వీటన్నిటికంటే పెద్ద పాఠం టాంగన్యీకాలో ఉంది. రెండో ప్రపంచ యుద్ధం ముగిశాక బ్రిటన్‌లో వంట కొవ్వులకు తీవ్రమైన కొరత. మార్గరిన్‌కు నూనె కావాలి. తూర్పు ఆఫ్రికాలో, ఇప్పటి టాంజానియాలో, 30 లక్షల ఎకరాలకు పైగా పొదలు నరికి యంత్రాలతో వేరుశనగ పండించాలని ప్రభుత్వం 1947లో దిగింది. యుద్ధంలో మిగిలిన ట్యాంకులను కూడా ట్రాక్టర్లుగా మార్చి తెచ్చారు. కొంగ్వా అనే చోట మొదలుపెట్టారు. వాన సరిగా పడని నేల అది. వర్షం ఆగితే బంకమన్ను ఇటుకలా బిగుసుకుపోయేది. వేరుశనగ పువ్వు నేల పైన పూస్తుంది. ఫలదీకరణ తర్వాత దాని నుంచి ఊడ దిగి మట్టిలోకి గుచ్చుకుని అక్కడ కాయ అవుతుంది. నేల గుల్లగా లేకపోతే ఊడ దిగదు. దిగినా పీకేటప్పుడు కాయ మట్టిలోనే తెగిపోతుంది. అనంతపురంలో ఏ కూలీ మనిషిని అడిగినా చెప్పే సంగతి ఇది. 1951 జనవరిలో పథకాన్ని వదిలేసేనాటికి సుమారు 3 కోట్ల 60 లక్షల పౌన్లు మట్టిలో కలిశాయి. చివరికి పండిన పంట విత్తనంగా తెచ్చినదానికి కూడా సాటిరాలేదంటారు.

ఇక మన సంగతి. స్వాతంత్ర్యం తర్వాత నాలుగు దశాబ్దాల పాటు వేరుశనగ నూనె ధర ఈ దేశంలో రాజకీయాలను కదిలించేంత పెద్ద విషయం. గుజరాత్‌లో సౌరాష్ట్ర నూనె మిల్లర్లను తెలియా రాజాలనేవారు. రాజ్‌కోట్‌లో 15 కిలోల డబ్బా ధర ఎంతన్నది పత్రికల్లో మొదటి పేజీ వార్త. అక్కడ 1974 నాటి నవనిర్మాణ్ విద్యార్థి ఉద్యమానికి ధరల మంటే నిప్పు రాజేసింది. ఈ మిల్లర్ల పట్టు సడలించాలని వర్గీస్ కురియన్ నాయకత్వంలో జాతీయ పాడి పరిశ్రమాభివృద్ధి సంస్థ నూనెగింజల రైతుల సహకార సంఘాలు పెట్టింది. 1988లో ధారా నూనె తెచ్చింది. అంతకు రెండేళ్ల ముందు, 1986లో, నూనెగింజల సాంకేతిక మిషన్ మొదలైంది. 1990ల తొలినాళ్లకు దేశం వంటనూనెలో దాదాపు స్వయంసమృద్ధికి చేరుకుంది. 1994లో పామోలిన్ దిగుమతికి తలుపులు తెరిచారు. ఆ తర్వాత జరిగింది మనమందరం వంటింట్లోనే చూశాం. ఇప్పుడు ఏటా 160 లక్షల టన్నుల దాకా వంటనూనె దిగుమతి చేసుకుంటున్నాం. అందులో పామాయిల్, సోయా, పొద్దుతిరుగుడు నూనెలదే రాజ్యం.

వేరుశనగ రైతుకు ఆ దిగుమతుల మీద వేసే సుంకమే పైకప్పు. వేరుశనగ నూనె రుచి ఎంత నచ్చినా, పామాయిల్ ధర బాగా పడితే కొనుగోలుదారు అటు జారుకుంటాడు. మిల్లరు గింజల ధర తగ్గిస్తాడు. 2024 సెప్టెంబరులో ముడి పామాయిల్, సోయా, పొద్దుతిరుగుడు నూనెలపై ప్రాథమిక సుంకాన్ని సున్నా నుంచి 20 శాతానికి పెంచిన కేంద్రం, 2025 మే చివర్లో దాన్ని 10కి తగ్గించింది. విత్తే ముందు ఒక ధర లెక్కేసుకుని, పీకే వేళకు ఇంకో ధర చూడాల్సి రావడానికి ఇలాంటి మార్పులు ఒక కారణం. 2008లో వంటనూనెల ఎగుమతిని నిషేధించి, దాదాపు పదేళ్ల తర్వాత గాని వేరుశనగ నూనెను టోకున బయటికి పంపనివ్వలేదు. పట్నంలో నూనె ధర పెరగకుండా చూసే ప్రతి ప్రభుత్వమూ ఆ భారాన్ని చేను మీదకే నెట్టిందన్నది నా అభియోగం. ధర పడినప్పుడు అంతే వేగంగా రైతు పక్షాన కదిలిన సందర్భాలు తక్కువ.

ఎగుమతికి తలుపు తెరిచాక కొన్నది చైనా. షాన్‌డాంగ్, హెనాన్ రాష్ట్రాల్లో వేరుశనగ నూనె లేనిదే వంట లేదు. షాన్‌డాంగ్‌కు చెందిన లూహ్వా వంటి కంపెనీలు వేయించి పిండిన నూనెను ఖరీదైన బ్రాండ్లుగా మలిచాయి. ప్రపంచంలో తయారయ్యే వేరుశనగ నూనెలో సగం చైనాదే. అది చాలక ఏటా మరో రెండు మూడు లక్షల టన్నుల నూనె బయటి నుంచి తెచ్చుకుంటుంది. అంటే అంతర్జాతీయ వ్యాపారంలో సగానికి పైగా ఒక్కరే కొంటున్నారన్నమాట. దానితోపాటు సెనెగల్, సూడాన్‌ల నుంచి గింజలు కూడా కొంటుంది. 2021 ఫిబ్రవరిలో జెంగ్‌జౌ ఎక్స్ఛేంజిలో వేరుశనగ ఫ్యూచర్స్ మొదలయ్యాయి. బ్రెజిల్‌లో సావో పాలో రాష్ట్రపు చెరకు రైతులు పాత తోట తీసి కొత్త చెరకు నాటే మధ్యలో వేరుశనగ వేస్తారు. పప్పుధాన్యాల కుటుంబపు పంట గనుక నేలకూ మంచిది. ఆ గింజల్లో ఎగుమతికి పనికిరానివి పిండి, ఆ నూనెను చైనాకు పంపుతున్నారు. నూనె విషయంలో అర్జెంటీనాలో కోర్డొబా రాష్ట్రానిదీ ఇంచుమించు ఇదే దారి. ఈ పోటీలో మన సౌరాష్ట్ర మిల్లులు కూడా ఉన్నాయి.

మార్సెయ్ కాలపు బలహీనత ఇప్పుడూ ఉంది. చైనాలో పంట బాగా పండిన ఏడాది దిగుమతులు తగ్గుతాయి. 2023 ఏప్రిల్‌లో సూడాన్‌లో యుద్ధం మొదలైతే అక్కడి సరుకు చిక్కుబడి వేరే దేశాలకు గిరాకీ తగిలింది. సెనెగల్‌లో చైనా వ్యాపారులు పల్లెల్లోనే రొక్కం ఇచ్చి కాయలు కొనుక్కుపోతుంటే దేశంలోని నూనె మిల్లులకు గింజ దొరకలేదు. 2024 చివర్లో అక్కడి ప్రభుత్వం వేరుశనగ ఎగుమతిని తాత్కాలికంగా నిలిపివేసింది. మిల్లును కాపాడాలా, రైతుకు ఎక్కువ ధర ఇచ్చే పరాయి కొనుగోలుదారును రానివ్వాలా అన్న చిక్కు అది. నేనైతే రైతు వైపే ఉంటాను. మిల్లు బతకాలంటే ఆ ధర ఇవ్వగలగాలి.

ఎగుమతి మార్కెట్టులో మనకు పెద్ద అడ్డంకి ఒక శిలీంధ్రం. 1960లో ఇంగ్లండులో లక్షకు పైగా టర్కీ కోళ్లు అంతుచిక్కకుండా చనిపోయాయి. బ్రెజిల్ నుంచి వచ్చిన వేరుశనగ చెక్క దాణాలో ఆస్పర్జిల్లస్ ఫ్లేవస్ అనే బూజు వదిలిన విషమే కారణమని తేలింది. దానికి అఫ్లాటాక్సిన్ అని పేరు పెట్టారు. కాలేయ క్యాన్సర్‌కు దారితీసే విషాల్లో అది ముందు వరసలోది. కాయలు ఊరే దశలో బెట్ట తగిలి నేల వేడెక్కితే ఈ బూజు చేలోనే గింజలోకి చొరబడుతుంది. పీకాక తడి ఆరకుండా కుప్ప వేసినా, ఒలిచేముందు మెత్తబడేందుకు కాయల మీద నీళ్లు చల్లినా పెరిగిపోతుంది. వర్షాధారపు అనంతపురం పంటకు బెడద ఎక్కువ. తడులిచ్చి పండించే వనపర్తి, నాగర్‌కర్నూల్, గద్వాల వైపు యాసంగి పంటకు తక్కువ. యూరప్ నేరుగా తినే వేరుశనగలో కిలోకు 4 మైక్రోగ్రాముల అఫ్లాటాక్సిన్ మించనివ్వదు. మన హద్దు అంతకన్నా ఎక్కువ. మన గింజలకు పెద్ద కొనుగోలుదారైన ఇండోనేషియా 2025 సెప్టెంబరులో ఇదే కారణం చూపి కొంతకాలం మన సరుకు ఆపేసింది.

నూనెకు దీనితో సంబంధం ఉందా? ఉంది. ఈ విషం నూనెలో సరిగా కరగదు; ఎక్కువ భాగం చెక్కలోనే మిగులుతుంది. క్షారంతో శుద్ధి చేసి, రంగు తీసే మట్టితో వడకట్టే రిఫైనింగ్‌లో మిగిలిందీ దాదాపు పోతుంది. గానుగ నూనెకు ఈ శుద్ధి ఉండదు. గానుగ నూనె మీద ఇప్పుడు పట్నాల్లో మోజు పెరిగింది. వీధివీధికీ గానుగలు వెలుస్తున్నాయి. రుచికోసం నేనూ దానికే ఓటు వేస్తాను. కాని అది మంచిదా కాదా అన్నది గానుగ కొయ్యదా ఇనుముదా అన్నదాని కంటే, అందులో పోసిన గింజ మీద ఆధారపడి ఉంటుంది. ముడుచుకున్న, పుచ్చిన, బూజు పట్టిన గింజలు ఏరేసి పిండే గానుగ దగ్గరే కొనండి. గింజను కళ్లముందు చూపించమని అడిగే హక్కు మీకుంది. చెక్క విషయంలో ఇది మరీ ముఖ్యం. ఆ చెక్క తిన్న పాడిపశువు పాలలోకి విషం మరో రూపంలో దిగుతుంది, ఆ పాలు పిల్లలు తాగుతారు.

ఇప్పుడు ప్రపంచ వ్యాపారంలో వస్తున్న పెద్ద మార్పు నూనె స్వభావంలోనే ఉంది. మొక్కలో ఓలిక్ ఆమ్లాన్ని లినోలిక్‌గా మార్చే ఎంజైముకు రెండు జన్యువులు ఆధారం. ఆ రెండూ పనిచేయని మొక్కను ఫ్లోరిడా విశ్వవిద్యాలయం వాళ్లు 1987లో ప్రపంచానికి చూపించారు. దాని నూనెలో ఓలిక్ ఆమ్లం 80 శాతం. అది గాలి తగిలినా త్వరగా పాడవదు. గింజకు నెలల తరబడి ముక్కవాసన రాదు. చాక్లెట్లు, స్నాక్స్ తయారుచేసే కంపెనీలు దీనికోసం ఎక్కువ ధర ఇస్తాయి. అర్జెంటీనా చాలావరకు, అమెరికా కొంతవరకు ఈ రకాల వైపు మళ్లాయి. ఆస్ట్రేలియా దాదాపు పూర్తిగా మళ్లింది. మన పటాన్‌చెరులోని ఇక్రిశాట్, జునాగఢ్‌లోని వేరుశనగ పరిశోధన సంచాలకాలయం కలిసి గిర్నార్ 4, గిర్నార్ 5 రకాలను రూపొందించాయి. 2020లో అవి విడుదలయ్యాయి. ఇవి జన్యుమార్పిడి పంటలు కావు, సంకరణంతో, జన్యు గుర్తుల ఆధారంగా ఎంపిక చేసినవి.

విత్తనం వచ్చింది, సరే. కానీ యార్డులో ఏం జరుగుతుంది? రైతు గిర్నార్ 4 తెచ్చినా, పాత రకం తెచ్చినా వ్యాపారి పిడికెడు కాయలు తీసి, ఒలిచి, గింజ నాణ్యత, తేమ చూసి ధర చెబుతాడు. ఓలిక్ ఎంతుందో, అఫ్లాటాక్సిన్ ఎంతుందో అక్కడ కొలిచే ఏర్పాటు లేదు. రెండు రకాలూ ఒకే కుప్పలో కలిసిపోతే పై ధర ఎవరికీ రాదు. గింజ పరారుణ కాంతిని ఎలా వెనక్కి పంపుతుందో చూసి నిమిషంలో ఓలిక్ శాతం చెప్పే యంత్రాలున్నాయి. అఫ్లాటాక్సిన్‌కు అక్కడికక్కడే చేసే స్ట్రిప్ పరీక్షలున్నాయి. ఒక్కో పెద్ద యార్డులో ఒక్కో చిన్న ప్రయోగశాల పెట్టడానికి అయ్యే ఖర్చు, ప్రభుత్వాలు కొనుగోళ్ల మీద పెట్టే డబ్బులో లెక్కకు రానంత.

ఉమ్మడి అనంతపురం జిల్లాలో ఒకప్పుడు 8 లక్షల హెక్టార్లకు పైగా వేరుశనగ వేసేవారు. దేశంలో ఏ జిల్లాకూ అంత విస్తీర్ణం లేదు. ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన పడే నేలలో, 1940లో తిండివనం నుంచి వచ్చిన టీఎంవీ–2 రకాన్నే దశాబ్దాల పాటు నమ్ముకున్నారు. ఆ తర్వాత కదిరి పరిశోధన కేంద్రం వరసగా కొత్త రకాలు ఇచ్చింది. అయినా ఇప్పుడు విస్తీర్ణం బాగా పడిపోయింది. నీళ్లున్నవాళ్లు బత్తాయి, అరటి, దానిమ్మ వైపు వెళ్లారు. లేనివాళ్లు కంది, ఆముదం వేస్తున్నారు, కొందరు బెంగళూరు వెళ్లిపోయారు. వేరుశనగకు ఆ జిల్లాలో భవిష్యత్తు ఉందా అంటే, పామాయిల్ ధరతో పోటీపడే టోకు సరుకుగా లేదు. ఓలిక్ శాతం, విషం లేదన్న ధ్రువపత్రం, పేరున్న గానుగ నూనె, ఈ మూడింటికీ వేరువేరుగా ధర పలికే సరుకుగా ఉంది. అప్పుడు కొనేవాడు షాన్‌డాంగ్‌లో ఒక్కడే ఉండడు. హైదరాబాదులో, బెంగళూరులో, తెలుగువాళ్లున్న డాలస్‌లో కూడా ఉంటాడు. ఆ పని కదిరి, కల్యాణదుర్గం, ఆదోని, వనపర్తి యార్డుల్లో కాటా పక్కన ఒక పరీక్ష బల్ల వేయడంతో మొదలవ్వాలి, వచ్చే ఖరీఫ్ కాయలు యార్డుకు చేరకముందే.